మేనేజరు కార్మికుడా? : మంగళగిరి నేత సంఘం నేపథ్యంలో ఒక చారిత్రక పరిశీలన

మంగళగిరి నేతగాళ్లలో కొందరు మాస్టర్ వీవరు కింద మజూరీకి నేస్తారు. మరికొందరు సహకార సంఘంలో సభ్యులై నేస్తారు. సభ్యుడు గుంట మగ్గంలో కూర్చుని పగలంతా శ్రమించినా, సహకార చట్టం దృష్టిలో వాటాదారు, అంటే సంఘానికి పాక్షికంగా యజమాని. సంఘం కార్యాలయంలో నూలు తూచి ఇచ్చి, నేసిన బట్ట కొలిచి, మజూరీ లెక్కకట్టే మేనేజరు మాత్రం జీతగాడు. పాలకవర్గం వద్దంటే అతడు ఇంటిదారి పట్టవలసినవాడే. చేతిపని చేసేవాడు యజమానిగా, మేనేజరు అనిపించుకొన్నవాడు నౌకరుగా ఉన్న ఈ ఏర్పాటులో కార్మిక వివాదాల చట్టం ఎవరికి రక్షణ ఇస్తుందన్నది పైకి కనిపించేంత తేలిక ప్రశ్న కాదు.

1947 నాటి పారిశ్రామిక వివాదాల చట్టం మొదట నైపుణ్యం గల, నైపుణ్యం లేని శారీరక శ్రమ చేసేవారినీ, గుమస్తాలనూ మాత్రమే కార్మికులుగా గుర్తించింది. 1956 సవరణ సాంకేతిక, పర్యవేక్షణ పనులను చేర్చింది. అయితే ప్రధానంగా నిర్వహణ లేదా పరిపాలన హోదాలో ఉన్నవారినీ, నెలకు 500 రూపాయలకు మించి జీతం పొందే పర్యవేక్షకులనూ బయట ఉంచింది. ఇక్కడ తరచు దొర్లే పొరపాటు ఒకటుంది. జీతం పరిమితి పర్యవేక్షకుడికే గాని మేనేజరుకు కాదు. నిజమైన నిర్వహణాధికారం ఉన్నవాడు ఎంత తక్కువ జీతానికి పనిచేసినా కార్మికుడు కాడు.

అందువల్ల వివాదమంతా ‘నిజమైన’ అన్న మాట చుట్టూ తిరిగింది. బర్మా షెల్ కేసులో (1970) సుప్రీంకోర్టు ఒక్కొక్క ఉద్యోగాన్నీ విడివిడిగా తీసుకొని, దాని ప్రధాన విధులేమిటని పరిశీలించింది. పదవి పేరు నిర్ణాయకం కాదన్న సూత్రం తర్వాతి తీర్పులలో స్థిరపడింది. అది ఇరువైపులా పదునున్న కత్తి. డెల్టన్ కేబుల్ కేసులో (1984) సెక్యూరిటీ ఇన్‌స్పెక్టరును కార్మికుడిగా గుర్తించిన న్యాయస్థానమే, కరోనా సాహు కేసులో (1994) చెప్పుల దుకాణం మేనేజరును కార్మికుడు కాదన్నది. ఆ మేనేజరు కొంత గుమస్తా పని కూడా చేశాడు. అయినా దుకాణం భారం ప్రధానంగా అతనిదేనని న్యాయస్థానం భావించింది.

నేత సంఘానికి దగ్గరగా వచ్చేది 1988 నాటి నేషనల్ ఇంజనీరింగ్ కేసు. అందులో అంతర్గత ఆడిటరు పని లెక్కలు సరిచూసి నివేదించడం. యాజమాన్యం తరఫున సరిచూసేవాడు అంతమాత్రాన పర్యవేక్షకుడు కాడనీ, సంస్థను కట్టుబరిచే నిర్ణయం తీసుకోగల అధికారం ఉండాలనీ ఆ తీర్పు అన్నది. ఈ కొలతతో చూస్తే, బట్టలో లోపం కనిపెట్టి పుస్తకంలో రాసే మేనేజరు కార్మికుడే కావచ్చు. అదే బట్టను తిరస్కరించి, మజూరీ కోసి, సభ్యుడికి నూలు ఆపే అధికారం తానే చెలాయిస్తే పరిస్థితి వేరు. తిరస్కరించే హక్కు చిన్నది కాదు. తెలంగాణ ప్రాంత దుకాణాల చట్టం కింద వచ్చిన సిల్వర్ జూబ్లీ టైలరింగ్ హౌస్ కేసులో (1973), కుట్టుకూలీకి పనిచేసే దర్జీలను ఉద్యోగులుగా గుర్తించడానికి, బాగోలేని కుట్టును తిప్పి పంపగల యజమాని హక్కునే సుప్రీంకోర్టు ఒక ఆధారంగా తీసుకొన్నది.

సహకార సంఘాలకు ఈ చట్టం వర్తిస్తుందా అన్న సందేహం ముందే తీరింది. ఆంధ్రప్రదేశ్‌లోని 25 సహకార కేంద్ర బ్యాంకులకూ వాటి ఉద్యోగులకూ మధ్య వచ్చిన వివాదంలో, జీతభత్యాల తగాదా సంఘం ‘వ్యాపారానికి’ సంబంధించినది కాదనీ, సహకార చట్టం దానిని ట్రిబ్యునల్ నుంచి తప్పించలేదనీ 1969లో సుప్రీంకోర్టు తేల్చింది. 1978 నాటి బెంగళూరు నీటి సరఫరా తీర్పు సహకార సంస్థలను పేరుపెట్టి పరిశ్రమ పరిధిలో చేర్చింది.

ఈ నిర్వచనం మీద ఎంత ఆధారపడి ఉన్నదో ఆంధ్రప్రదేశ్‌లో 1987 నుంచి మరింత స్పష్టమైంది. అంతకుముందు తొలగింపుకు గురైనవాడు ప్రభుత్వం వివాదాన్ని నివేదించేదాకా వేచి ఉండవలసి వచ్చేది. ఆ ఏటి రాష్ట్ర సవరణ అతనికి నేరుగా లేబర్ కోర్టుకు వెళ్లే దారి తెరిచింది. కేంద్ర చట్టంలో ఇటువంటి వెసులుబాటు 2010లో గాని రాలేదు. కానీ ఆ దారి కార్మికుడికే. మేనేజరు అని తేలినవాడు సివిల్ కోర్టుకో, ఇతర చట్టాల కింద లభించే పరిహారానికో వెళ్లాలి. తిరిగి ఉద్యోగంలోకి రావడం అక్కడ చాలా అరుదు.

జీతం పరిమితి చరిత్రను చూస్తే శాసనకర్తల నిర్లక్ష్యం కొంత బయటపడుతుంది. 1956 నాటి 500 రూపాయలు, 1982 సవరణ 1984లో అమలయ్యేదాకా మారలేదు. అప్పుడు వచ్చిన 1600 రూపాయలు 2010 వరకు నిలిచి, తర్వాత 10,000 అయ్యాయి. పని మారకపోయినా ధరలతో పాటు జీతం పెరిగినందుకే ఎందరో మేస్త్రీలు, సూపర్‌వైజర్లు చట్టపు నీడను కోల్పోయారు. 2020 పారిశ్రామిక సంబంధాల స్మృతి దానిని 18,000 చేసింది. అది 2025 నవంబరు 21న అమలులోకి వచ్చింది. నిర్వహణ హోదాను మినహాయించే పాత వాక్యం మాత్రం అందులోనూ ఉన్నది. నేటికీ ఒక సంఘం మేనేజరు తన తొలగింపును ప్రశ్నించాలంటే ముందుగా చూపవలసినవి నియామకపు కాగితంలోని హోదా కాదు. నూలు ఖాతా, మజూరీ పుస్తకం, పాలకవర్గపు తీర్మానాలు, వాటిలో నిర్ణయాల కింద ఎవరి సంతకం ఉన్నదన్నది.