తాతయ్య చెవికి తగిలిన నీలం

1975 చలికాలంలో ఒక సాయంత్రం. ఇంటర్ రెండో ఏడాది చదువుతున్నాను. వేటపాలెంలో మా ఇంటి అరుగు మీద తాతయ్య నూలు చిలపలు విడదీస్తూ కూర్చున్నాడు. కాలేజీ నుంచి వచ్చిన నా వేళ్ళు గోరింటాకు పండినట్టు ఎర్రగా ఉండటం చూసి చేయి పట్టుకున్నాడు.

"ఏంటమ్మా ఇది?"

"ల్యాబులో రంగు చేశాం తాతయ్యా. అనిలీన్‌తో."

"దేంతో?"

"అనిలీన్."

"నీలమా?"

"నీలం కాదు తాతయ్యా, అనిలీన్. దానికి రంగే ఉండదు. నీళ్ళలా ఉంటుంది."

"రంగు లేనిదానికి నీలమని పేరెందుకు పెట్టారే?"

పెద్దాయనకి సరిగ్గా వినబడలేదనుకుని లోపలికి వెళ్ళిపోయాను. ఆయన విన్నది అక్షరాలా నిజమని తెలియడానికి నాకు తొమ్మిదేళ్ళు పట్టింది. అప్పటికి తాతయ్య లేడు. నేను ఓ జూనియర్ కాలేజీలో అదే అనిలీన్ పాఠం చెప్తున్నాను. యూనివర్సిటీ లైబ్రరీలో రసాయన శాస్త్ర చరిత్ర పుస్తకం ఒకటి తిరగేస్తుంటే ఆ మాట పుట్టుక కనబడింది. పుస్తకం మూసి చాలాసేపు అలాగే కూర్చుండిపోయాను.

మన నీలమే అది. సంస్కృతంలో నీల, చెట్టు పేరు నీలి. మన పల్లెల్లో అవిరి అనీ అంటారు. ఆ మాట పారశీకంలోకి వెళ్ళి నీల్ అయింది. అరబ్బులు దాని ముందు తమ 'అల్' చేర్చారు. వాళ్ళ భాషలో 'అల్' తర్వాత నకారం వస్తే లకారం కూడా నకారమై పోతుంది, మన సంధుల్లో జరిగినట్టే. అలా అన్-నీల్ అయింది. పోర్చుగీసువాళ్ళు, స్పెయిన్‌వాళ్ళు దాన్ని విని అనిల్ అన్నారు. ఆ పేరు ఓడలెక్కి అమెరికా ఖండం దాకా పోయి, అక్కడి నీలిమొక్కకి పాత శాస్త్రనామంలో చేరింది: ఇండిగోఫెరా అనిల్. ఇండిగో అన్నా గ్రీకుల లెక్కలో 'ఇండియాది' అనే అర్థం. అంటే ఆ శాస్త్రనామంలో రెండు ముక్కలూ మన వైపు నుంచి వెళ్ళినవే.

ప్రతి ఏడూ నా క్లాసులో ఒక అనిల్ కుమార్ ఉండేవాడు. ఈ పాఠం వచ్చేసరికి అందరూ వాడివైపు తిరిగి నవ్వేవాళ్ళు. ఆ అనిలుడు వాయుదేవుడు, ఈ అనిలీన్‌కి అతనితో చుట్టరికం లేదని చెప్పి, బోర్డు మీద ఒకే వరుసలో రాసేదాన్ని: నీల, నీల్, అన్-నీల్, అనిల్, అనిలీన్. సిలబస్‌లో లేదు, పరీక్షలో రాదు. అయినా ఒక్క ఏడాది కూడా మానలేదు.

ఇంతకీ రంగులేని ద్రవానికి ఆ పేరెలా వచ్చింది? నీలిమందు నుంచే దాన్ని తీశారు కాబట్టి. 1826లో ఒట్టో ఉన్‌ఫెర్డార్బెన్ అనే జర్మన్ నీలిమందును గాలి తగలకుండా బాగా కాల్చి, వచ్చిన ఆవిరిని చల్లార్చి ఒక నూనెలాంటి ద్రవం పట్టాడు. ఆమ్లాలతో కలిస్తే చక్కటి స్ఫటికాలు కడుతోందని దానికి క్రిస్టలిన్ అని పేరు పెట్టాడు. ఎనిమిదేళ్ళకు ఫ్రీడ్లీబ్ రూంగె బొగ్గు తారులో ఒక పదార్థం కనిపెట్టాడు. బ్లీచింగ్ పౌడరు ద్రావణం పోస్తే అది నీలంగా మెరిసింది. గ్రీకులో నీలానికున్న మాటతో దాన్ని క్యానోల్ అన్నాడు. 1840లో యూలియస్ ఫ్రిట్‌షె నీలిమందును కాస్టిక్ పొటాష్‌తో కాచి ఇంకో నూనె తీశాడు. చెట్టు పేరు మీదుగా అనిలీన్ అని పిలిచింది ఇతనే. 1842లో రష్యాలోని కజాన్‌లో నికొలాయ్ జీనిన్ నైట్రోబెంజీన్ నుంచి మరొకటి చేసి బెంజిడామ్ అన్నాడు.

నాలుగు ఊళ్ళు, నాలుగు పేర్లు. 1843లో ఔగుస్ట్ విల్‌హెల్మ్ హోఫ్‌మన్ అనే పాతికేళ్ళ కుర్రవాడు గీసెన్‌లో లీబిగ్ ప్రయోగశాలలో కూర్చుని నాలుగింటినీ పక్కపక్కన పెట్టి పరీక్షించాడు. నాలుగూ ఒకటేనని తేల్చాడు. ఆ కాలంలో పేరు పదార్థం స్వభావాన్ని చెప్పేది కాదు. ఎక్కడ దొరికిందో, ఎలా కనబడిందో చెప్పేది, అంతే. మనం పిల్లలకి ఏ వారం పుడితే ఆ పేరు పెట్టినట్టు. ఆ నాలుగింట్లో నిలిచింది మాత్రం ఫ్రిట్‌షె పెట్టినదే. తర్వాత అణువు నిర్మాణం తెలిశాక ఫినైల్ ఎమీన్, బెంజినమీన్ అన్న క్రమబద్ధమైన పేర్లు వచ్చాయి. అయినా అంతర్జాతీయ నామకరణ సంఘం ఈనాటికీ అనిలీన్ అన్న పాత పేరును ఉండనిచ్చింది. నాకు అది ఎంతో ఇష్టమైన విషయం.

ఇక్కడ మా పెరడు గురించి చెప్పాలి. మెడదాకా భూమిలో పాతిన బాన ఒకటి ఉండేది. నాకు ఊహ తెలిసేసరికి అందులో గేదెకి కుడితి పోసేవాళ్ళు. కడిగినప్పుడల్లా లోపలి అంచున వేలెడు మందాన నీలపు చార కనిపించేది. నాకు పదేళ్ళప్పుడు ఎవరో చుట్టాలు అడిగారని తాతయ్య ఓ చిన్న కుండలో నీలం కట్టాడు. నీలిమందు బిళ్ళ నూరి, సున్నపు తేట పోసి, ఉడకబెట్టిన తగిరస గింజలు కలిపి, మూతపెట్టి ఎండ తగిలేచోట ఉంచాడు. రోజూ పొద్దున్నే మూత తీసి వాసన చూసేవాడు. నాలుగో రోజో అయిదో రోజో పైన రాగిరంగు మీగడ కట్టింది. దాన్ని పక్కకి తోస్తే కింద ద్రవం పసుపుపచ్చగా ఉంది. నీలం ఎక్కడుందని అడిగాను. మాట్లాడకుండా తెల్లటి చిలప ముంచి, మెల్లగా పిసికి, పైకి తీశాడు. ఆకుపచ్చగా వచ్చింది. చూస్తుండగానే గాలి తగిలినచోటల్లా నీలం పాకింది, ఎవరో ఊదినట్టు.

తర్వాత ఆ చిలపలోంచి ఒక పోగు తీసి పురి విప్పాడు. లోపల తెల్లగా ఉంది. "ఇంకా తాగలేదు" అని మళ్ళీ ముంచాడు. పురి విప్పి చూసినా తెలుపు కనబడకుండా ఉండేదాకా ఆయనకి తృప్తి లేదు.

ఆ నీలిమందు మన దగ్గర పండిందే. మద్రాసు రాజధానిలో నెల్లూరు, కడప, కర్నూలు జిల్లాలు దానికి పేరుపడ్డాయి. ఆకు ఎండబెట్టి నానబెట్టే పద్ధతి ఈ వైపుది. అంతకుముందు గోల్కొండ రాజ్యంలో, ఇప్పటి ఖమ్మం జిల్లా నాగులవంచలో డచ్చివాళ్ళు కోఠీ పెట్టుకుని ఉన్నారు. వాళ్ళు కొన్న సరుకుల్లో నీలిమందు ఒకటి. మచిలీపట్నం అద్దకానికి ఎరుపు చిరివేరు నుంచి వస్తే, నీలం ఈ చెట్టు నుంచి వచ్చేది.

1856 ఈస్టర్ సెలవుల్లో లండన్‌లో విలియం పెర్కిన్ అనే పద్దెనిమిదేళ్ళ విద్యార్థి కథ మారిపోయేలా చేశాడు. గురువు హోఫ్‌మనే, అప్పటికి లండన్ వచ్చి రాయల్ కాలేజీ ఆఫ్ కెమిస్ట్రీ నడుపుతున్నాడు. మలేరియా జ్వరానికి వాడే క్వినైన్‌ను ఇంట్లోని చిన్న ల్యాబులో తయారుచేయాలని పెర్కిన్ తాపత్రయం. అనిలీన్ సల్ఫేటుకి పొటాషియం డైక్రోమేట్ కలిపితే నల్లటి మడ్డి మిగిలింది. మరొకరైతే కడిగి పారేసేవాళ్ళు. అతను ఆ మడ్డిని ఆల్కహాల్‌లో కరిగిస్తే ఊదారంగు విచ్చుకుంది. అతని అనిలీన్ శుద్ధమైనది కాదు. అందులో టోలుయిడిన్లు కలిసి ఉన్నాయి, ఆ రంగు పుట్టడానికి అవీ కావాలి. శుద్ధమైన అనిలీన్ దొరికి ఉంటే మావ్ అనే ఆ రంగు ఆ రోజు పుట్టేదే కాదు. విద్యార్థులు 'మా శాంపిల్ బాలేదు మేడమ్' అన్నప్పుడల్లా ఈ సంగతి చెప్పేదాన్ని.

ఆ తర్వాత అనిలీన్ అన్న మాట అర్థం ఊరి చెరువులా పొంగింది. మావ్ వెనకే ఫ్రాన్సులో 1859లో మెజెంటా వచ్చింది. ఇంకో పదేళ్ళకి తారు నుంచి వచ్చే ప్రతి రంగునీ జనం 'అనిలీన్ రంగు' అనేశారు. అనిలీన్‌తో సంబంధం లేని వాటినీ అలాగే పిలిచారు. కృత్రిమ ఎలిజరిన్ ఆంత్రసీన్ నుంచి వచ్చేది, దాన్నీ ఆ మూటలోనే కట్టారు. మన నేతగాళ్ళకి మాత్రం ఇవన్నీ సీమ రంగులు. మా తేలియా రుమాళ్ళ ఎరుపు కూడా డబ్బాల్లో వచ్చే ఎలిజరినే. నూలుకి నూనె పట్టించి, ఆముదపు కాయల బూడిదలో నానబెట్టే పాత విద్య మాత్రం అలాగే ఉంచుకుని, ఎరుపొక్కటీ మార్చుకున్నారు.

ఫ్యాక్టరీల పేర్లలోకీ ఎక్కింది మాట. 1865లో పుట్టిన బిఎఎస్‌ఎఫ్ పేరులో రెండో అక్షరం అనిలీన్‌దే: బాడెన్ అనిలీన్, సోడా కర్మాగారం అని అర్థం. అందులో పనిచేసేవాళ్ళని ఆ కర్మాగారం ఉన్న ఊళ్ళో అనిలీనర్లు అంటారు. మనవాళ్ళు హరికథలూ పెళ్ళిపాటలూ పట్టుకున్న బిఎఎస్‌ఎఫ్ క్యాసెట్లు గుర్తుండే ఉంటాయి. ఫోటో స్టూడియోల్లో చూసిన అగ్ఫా పేరులోనూ చివరి అక్షరం అనిలీన్‌దే. 1873లో పెట్టుకున్న పేరు, అనిలీన్ తయారీ వాటాల సంఘం అని. మా ఇంట్లో తాతయ్యకి మిగిలిన ఒకే ఒక్క ఫోటో అగ్ఫా కాగితం మీద అచ్చయింది. వెనక ఆ అక్షరాలు లేతగా కనిపిస్తాయి. నాలికకి తడి చేసుకుని రాసే ఊదా కాపీ పెన్సిలుని అనిలీన్ పెన్సిలు అన్నారు. పైపూత లేకుండా రంగు తాగించిన తోలుని ఇప్పటికీ అనిలీన్ తోలు అంటారు.

ఒక నింద కూడా దాని నెత్తిన పడింది. 1895లో ఫ్రాంక్‌ఫర్ట్ శస్త్రవైద్యుడు లూడ్విగ్ రేన్, మెజెంటా తయారుచేసే పనివాళ్ళలో మూత్రాశయ క్యాన్సర్ వస్తోందని చెప్పాడు. జబ్బుకి అనిలీన్ క్యాన్సర్ అని పేరుపడింది. అసలు దోషులు బీటా నాఫ్తైల్ ఎమీన్, బెంజిడీన్ లాంటి దాని దాయాదులని తర్వాత తేలింది. అలాగని అనిలీన్ అమాయకురాలేమీ కాదు. చర్మంలోంచి ఇంకుతుంది, రక్తం ప్రాణవాయువును మోయలేకుండా చేస్తుంది. అప్పుడు పెదవులూ గోళ్ళూ నీలంగా మారతాయి. ల్యాబులో సీసా ముట్టుకునే ముందు నేను పిల్లలకి చెప్పే మొదటి మాట ఇదే. రబ్బరు తొడుగుల్లేని రోజుల్లో మేం ఎన్నిసార్లు చేతుల మీద ఒలకబోసుకున్నామో తలుచుకుంటే ఇప్పటికీ గుండె ఝల్లుమంటుంది. ఈ భయం వల్లే అమెరికాలో పొట్లాల మీద అచ్చేసే 'అనిలీన్ ప్రింటింగ్' పేరుని 1952లో ఫ్లెక్సోగ్రఫీ అని మార్చుకున్నారు. అప్పటికి ఆ సిరాల్లో ఆ రంగులు చాలావరకు పోయాయి, అయినా తినే వస్తువు మీద ఆ మాట వినబడితే జనం బెదిరేవాళ్ళు.

నాకు బాధ కలిగించే భాగం ఇప్పుడు చెప్పాలి. అడాల్ఫ్ ఫాన్ బేయర్ ఏళ్ళ తరబడి పనిచేసి 1883 నాటికి నీలిమందు అణువు నిర్మాణం తేల్చాడు. 1890లో కార్ల్ హాయ్‌మన్ దాన్ని తయారుచేసే దారి చూపాడు, అనిలీన్ నుంచే. దిగుబడి మాత్రం గిట్టుబాటు కాలేదు. 1897లో బిఎఎస్‌ఎఫ్ కృత్రిమ నీలాన్ని బజారుకి తెచ్చింది, నాఫ్తలీన్ నుంచి మొదలుపెట్టే ఇంకో దారిలో. 1901లో యోహానెస్ ఫ్లెగర్ సోడమైడ్ వాడి పాత అనిలీన్ దారినే లాభసాటి చేశాడు. నీలిమందును కాల్చి పుట్టించిన బిడ్డతోనే మళ్ళీ నీలిమందును చేశారు. చెట్టు అక్కర్లేకపోయింది.

మన పొలాల్లో నీలి ఆ దెబ్బ నుంచి కోలుకోలేదు. తాతయ్య చిన్నతనంలో 'జర్మనీ యుద్ధం' వచ్చి సీమ సరుకు ఆగిపోయినప్పుడు నాటు నీలానికి మళ్ళీ ధర పలికిందట, కుప్పల కింద నుంచి పాత బిళ్ళలు వెతికి తీసి అమ్మారట. ఆ ధరే చంపారన్‌లో నీలి రైతుల మీద దొరల పట్టు బిగియడానికీ ఒక కారణమైంది. 1917లో గాంధీజీ అక్కడికి వెళ్ళింది ఆ రైతుల కోసమే. యుద్ధం ముగియగానే జర్మనీ డబ్బాలు మళ్ళీ వచ్చాయి. మా బాన కుడితి బాన అయింది ఆ తర్వాతే. తాతయ్య ఆ డబ్బా నీలాన్ని తిట్టగా నేను వినలేదు. "అదీ నీలమేనే, అణువణువూ ఒకటే అని మీ పుస్తకాలు చెప్తాయి కదా" అనేవాడు. నేను నేర్చుకున్నదీ అదే. చెట్టుదైనా ఫ్యాక్టరీదైనా ఆ అణువులో తేడా లేదు. చెట్టు నుంచి వచ్చిన బిళ్ళలో దానితోపాటు వేరే పదార్థాలు కొన్ని ఉంటాయి, అంతే.

పోయిన ఏడాది డాలస్ నుంచి వచ్చిన మనవరాలి జీన్స్ మోకాలి దగ్గర చిరిగింది. ఫ్యాషన్ కోసం చింపినదట. అంచున వేలాడుతున్న పోగు ఒకటి తెంపి పురి విప్పాను. పైన నీలం, లోపల పాలలా తెలుపు. రంగు పైపైన మాత్రమే అంటేలా, ఉతికేకొద్దీ వెలిసేలా అద్దుతారట కావాలనే. ఆ నీలం ఇవాళ్టికీ ఎక్కువగా అనిలీన్ నుంచే వస్తోంది. పిల్ల పక్కన కూర్చుని "ఏం చూస్తున్నావ్ అమ్మమ్మా?" అంది. ఆ పోగు దాని అరచేతిలో పెట్టి, "మా తాతయ్య అయితే దీన్ని మళ్ళీ బానలో ముంచేవాడు" అన్నాను.