సారా ప్యాకెట్టు, వయోజన వాచకం, నడ్జ్ థియరీ

ప్రాడక్ట్ మేనేజర్లకి తెగ ఇష్టమైన కథ ఒకటుంది. ఆమ్‌స్టర్‌డామ్ ఎయిర్‌పోర్ట్‌లో మగవాళ్ల టాయిలెట్లలో చిన్న ఈగ బొమ్మ వేశారట, అందరూ దానికి గురిపెట్టడం మొదలెట్టారట, నేల శుభ్రంగా ఉందట. రిచర్డ్ థేలర్, కాస్ సన్‌స్టీన్ కలిసి 2008లో రాసిన 'నడ్జ్' పుస్తకం పుణ్యమా అని ఆ ఈగ ప్రపంచమంతా ఎగిరింది. 2010లో బ్రిటన్ ప్రభుత్వం బిహేవియరల్ ఇన్‌సైట్స్ టీమ్ అని ఏకంగా ఒక జట్టునే పెట్టుకుంది. 2017లో థేలర్‌కి నోబెల్ వచ్చింది. 2019 జూలైలో మన ఆర్థిక సర్వే కూడా ఒక అధ్యాయం మొత్తం దీనికే ఇచ్చేసింది.

తెలియనివాళ్లకి రెండు ముక్కల్లో చెప్పాలంటే: చట్టం చెయ్యకుండా, జరిమానా వెయ్యకుండా, డబ్బు ఆశ చూపకుండా, మనిషి చుట్టూ ఉన్న ఏర్పాట్లని కాస్త సర్ది వాడి ప్రవర్తన మార్చడం. మన భాషలో డిఫాల్ట్ సెట్టింగ్ మార్చడం అన్నమాట.

సర్వేలో ఆ అధ్యాయం చదువుతున్నంతసేపూ నాకు దూబగుంట గుర్తొస్తూనే ఉంది. మాది నెల్లూరు జిల్లా బోగోలు. మా పక్కనే కావలి. కావలికి పడమరగా మెట్టలోకి వెళ్తే కలిగిరి మండలం, అందులో ఉంది దూబగుంట. సారా ఉద్యమం అనగానే ఆ పేరు అందరికీ తెలుసు. కానీ అదెలా మొదలైందో మా వయసు వాళ్లలో చాలామందికి తెలీదు. నా ఉద్దేశంలో ఈ దేశంలో ప్రభుత్వం చేతిమీదుగా జరిగిన అతిపెద్ద నడ్జ్ అదే. తమాషా ఏంటంటే, అలా జరగాలని ప్రభుత్వం అనుకోలేదు.

ముందు సారా సంగతి. నడ్జ్ అంటే ఎప్పుడూ మంచికే అనుకోవద్దు. 1980లలో మన రాష్ట్ర ప్రభుత్వం 'వారుణి వాహిని' పేరుతో సారాని ప్యాకెట్లలో పెట్టి ఊరూరికీ పంపింది. ప్యాకెట్టు చిన్నది, చవక, జేబులో పడుతుంది. కొట్టుదాకా నడవక్కర్లేదు, కూలి డబ్బులు చేతికొచ్చే చోటికే అది వచ్చేది. మనం యాప్‌లో ఒక క్లిక్ తగ్గించి కన్వర్షన్ పెంచినట్టే, వాళ్లు మనిషికీ సారాకీ మధ్య దూరం తగ్గించారు. రాష్ట్రానికి ఎక్సైజ్ ఆదాయం 1970-71లో 39 కోట్లు, 1991-92 నాటికి 812 కోట్లు. ఏ బిహేవియరల్ టీమ్‌కైనా కళ్లు తిరిగే గ్రాఫ్ అది!

అదే ప్రభుత్వం ఇంకో చేత్తో ఇంకో పని చేస్తోంది. 1988లో కేంద్రం జాతీయ సాక్షరతా మిషన్ మొదలుపెట్టింది. 1990లో కేరళలో ఎర్నాకుళం జిల్లా పూర్తి అక్షరాస్యత సాధించాక, అదే పద్ధతి నెల్లూరుకీ వచ్చింది. 1991 జనాభా లెక్కల ప్రకారం రాష్ట్రంలో ఆడవాళ్ల అక్షరాస్యత 33 శాతం కూడా లేదు. వాలంటీర్లు, జన విజ్ఞాన వేదిక వాళ్లు, జిల్లా అధికారులు కలిసి కళాజాతలు నడిపారు, రాత్రి బడులు పెట్టారు. పగలంతా కూలికి పోయొచ్చిన ఆడవాళ్లు లాంతరు కింద కూర్చుని చదువుకునేవాళ్లు. వాళ్లకోసం రాసిన వాచకాల్లో 'అమ్మ, ఆవు' బదులు వాళ్ల బతుకుల్లోని సంగతులే పాఠాలుగా పెట్టారు. అందులో ఒకటి సీతమ్మ కథ. తాగుడుతో చితికిపోయిన ఇల్లు, ఊళ్లో ఆడవాళ్లు కలిసి సారా కొట్టు మూయించడం, స్థూలంగా ఇదీ కథ.

రిక్వైర్‌మెంట్ డాక్యుమెంట్‌లో ఉన్నది అక్షరాలు నేర్పడం మాత్రమే. ప్రొడక్షన్‌లో జరిగింది వేరు. దూబగుంట ఆడవాళ్లు పాఠం చదివారు, మనమూ ఎందుకు చెయ్యకూడదు అనుకున్నారు. ఊళ్లోకొచ్చే కల్లు బండిని ఆపేశారు. సారా తెచ్చిన జీపుని వెనక్కి పంపించేశారు. ముందు నిలబడినవాళ్లలో వర్ధినేని రోశమ్మ ఒకరు, తర్వాత ఆవిడ పేరే దూబగుంట రోశమ్మ అయిపోయింది (2016లో పోయారు).

ఇక్కడిదాకా ఒక ఊరి కథ. అసలు మలుపు దీని తర్వాతే ఉంది. దూబగుంటలో జరిగిన దాన్నే తర్వాతి వాచకంలో 'ఆడవాళ్లు ఏకమైతే' అని పాఠంగా వేశారు. జిల్లాలో మిగతా ఊళ్ల రాత్రి బడుల్లో అది చదివారు. సీతమ్మ కల్పిత పాత్ర. దూబగుంట వాళ్లు కాదు. పక్క మండలం వాళ్లు, మన లాంటి కూలోళ్లు, మన లాంటి మొగుళ్లున్నవాళ్లు! వాళ్లు చేశారంటే మనకేం తక్కువ?

బ్రిటన్ టీమ్‌కి పేరు తెచ్చిన ప్రయోగాల్లో ఒకటి పన్ను ఉత్తరాలు. బకాయిదారులకి పంపే ఉత్తరంలో "పదిమందిలో తొమ్మిదిమంది పన్ను సకాలంలో కడుతున్నారు" అని ఒక వాక్యం చేర్చారు. అంతే, కట్టేవాళ్లు పెరిగారు. అందులోనూ మీ ప్రాంతంలోనివాళ్లు కట్టారని చెప్తే ఇంకా బాగా పనిచేసింది. దీన్ని సోషల్ నార్మ్ అంటారు. తాగుడు మంచిది కాదు అని వంద పోస్టర్లు అంటించేకంటే, పక్క ఊళ్లో నీలాంటివాళ్లు ఆపేశారు అన్న ఒక్క వార్త గట్టిగా పనిచేస్తుంది. నెల్లూరు వాచకం ఇరవై ఏళ్ల ముందే చేసింది అదే.

అయితే ఇక్కడ థేలర్ గారి కొలబద్ద సరిపోదు. కొన్ని ఊళ్లలో తాగొచ్చిన మగాళ్లకి గుండ్లు గీయించారు. దీన్ని నడ్జ్ అనడం కష్టం, నాలుగు తగిలించడం అనాలి :) ఇంకో తేడా కూడా ఉంది, నాకు అదే ముఖ్యం. నడ్జ్ పుస్తకాల్లో ఎప్పుడూ పైనున్న తెలివైనవాళ్లు కిందున్న తెలివితక్కువవాళ్లని సర్దుతుంటారు. ఇక్కడ మొదటి అడుగు మాత్రమే పైనుంచి పడింది. తర్వాత కింద ఉన్నవాళ్లే ప్రభుత్వాన్ని సర్దారు. 1992లో జిల్లా సారా వేలం పాట పెట్టబోతే ఆడవాళ్లు వందల్లో, వేలల్లో వచ్చి కూర్చున్నారు. వేలాన్ని పదే పదే వాయిదా వెయ్యాల్సొచ్చింది. అప్పటి ముఖ్యమంత్రి నేదురుమల్లి జనార్దన రెడ్డిది మా జిల్లానే, అదో విచిత్రం. చివరికి కోట్ల విజయభాస్కర రెడ్డి హయాంలో 1993 ఏప్రిల్ 15 నుంచి నెల్లూరు జిల్లాలో, అక్టోబర్ 1 నుంచి రాష్ట్రమంతా సారా నిషేధించారు.

ఒక నడ్జ్ యూనిట్ ఉండుంటే ఈ ప్రయోగం ఎప్పటికీ చేసేది కాదు. సొంత ఖజానాకి వందల కోట్లు గండికొట్టే ఎ/బి టెస్టుకి ఏ సెక్రటరీ సంతకం పెడతాడు చెప్పండి?

ఆ తర్వాత జరిగింది అందరికీ తెలిసిందే. 1994 డిసెంబర్‌లో ఎన్టీఆర్ గెలిచారు, 1995 జనవరి 16 నుంచి సంపూర్ణ మద్యనిషేధం వచ్చింది. 1997లో చంద్రబాబు ప్రభుత్వం దాన్ని ఎత్తేసింది (నేను పుట్టిందీ ఆ ఏడాదే). సారా మీద నిషేధం మాత్రం ఉండిపోయింది. ఊళ్లలో ఆడవాళ్లు కట్టుకున్న నిషేధాన్ని కాపలా కాసింది వాళ్లే. హైదరాబాద్ నుంచి వచ్చిన నిషేధాన్ని కాపలా కాయాల్సింది పోలీసులు, ఎక్సైజ్ వాళ్లు. రెండూ పైకి ఒకటే రూలు, ఎన్‌ఫోర్స్‌మెంట్ మాత్రం వేరు. నిషేధం పోయాక సీసా మందు బెల్టుషాపుల దారిలో మళ్లీ ప్రతి వీధి చివరికీ వచ్చింది. ప్యాకెట్టు చేసిన పనే అదీ చేసింది.

ఉద్యమంలోంచి పుట్టి నిలబడింది ఇంకోటుంది, పొదుపు లక్ష్మి. సారా ఆగాక ఇళ్లలో మిగిలిన డబ్బులు మళ్లీ జారిపోకుండా, మనిషికి రోజుకో రూపాయి చొప్పున గ్రూపులో దాచుకోవడం. మా అమ్మమ్మ కూడా ఒక గ్రూపులో ఉండేది. అడిగితే ఆవిడ చెప్పింది, "నెలకి ముప్పై కట్టమంటే ఎవురు కడతారు అబ్బయా, రోజుకో రూపాయంటే లెక్కలోకి రాలా." దీన్నే థేలర్ మెంటల్ అకౌంటింగ్ అంటాడు. 2004లో ఆయనా ష్లోమో బెనార్ట్జి అనే ఇంకొకాయనా కలిసి ఉద్యోగుల పొదుపు పెంచడం మీద ఒక పేపర్ వేశారు, జీతం పెరిగినప్పుడల్లా పొదుపు కూడా దానంతటదే పెరిగేలా ముందే ఒప్పించడం. మంచి పేపరే. కానీ దాంట్లో లేనిది ఒకటి మా అమ్మమ్మ గ్రూపులో ఉంది, వారం వారం ఎదురెదురుగా కూర్చునే పదిమంది.

ఆ పదిమంది బలాన్నే తర్వాత మైక్రోఫైనాన్స్ కంపెనీలు వాడుకున్నాయి. ఒకరు కట్టకపోతే మిగతావాళ్లు ఊరుకోరు అన్నదే వాళ్ల పూచీకత్తు. అది ఎక్కడిదాకా పోయిందంటే, వసూళ్ల వేధింపులు, ఆత్మహత్యల వార్తల మధ్య 2010 అక్టోబర్‌లో రాష్ట్ర ప్రభుత్వం ఆర్డినెన్స్ తేవాల్సొచ్చింది. పనిముట్టు అదే. పట్టుకున్న చెయ్యే మారింది.

మద్యం విషయంలో మన ప్రభుత్వాలు ఇప్పటికీ ఈ మీట నొక్కుతూనే ఉన్నాయి. 2019 అక్టోబర్‌లో జగన్ ప్రభుత్వం షాపులు తన చేతిలోకి తీసుకుని వాటి సంఖ్య తగ్గించింది, 2020 మేలో రేట్లు రెండు రోజుల్లో 75 శాతం పెంచింది. దూరం పెంచితే, ధర పెంచితే తాగుడు తగ్గుతుందన్నది లెక్క. ఊళ్లో ఎవర్నీ అడగలేదు, ఎవరూ కాపలా కాయలేదు. 2024లో ప్రభుత్వం మారింది. అక్టోబర్ 16 నుంచి మళ్లీ ప్రైవేటు షాపులు వచ్చాయి, వాటితోపాటే 99 రూపాయల క్వార్టర్. వంద బదులు 99 ఎందుకు పెడతారో ఈ-కామర్స్‌లో పనిచేసేవాళ్లకి నేను చెప్పక్కర్లేదు. 1992లో నెల్లూరులో వేలం పాట జరపలేకపోయారు. ఈసారి రాష్ట్రమంతా 3,396 షాపుల లాటరీకి దాదాపు 90 వేల దరఖాస్తులొచ్చాయి, ఒక్కో దరఖాస్తుకి తిరిగివ్వని రుసుము 2 లక్షలు.