బాపు కాడి ఎండ

2025 ఆగస్టు 27, వినాయక చవితి. బాన్సువాడలో తెల్లవారింది కానీ వెలుతురు రాలేదు. కామారెడ్డి జిల్లా అంతటా కుండపోత. కామారెడ్డి దగ్గర పట్టాల కింద మట్టి కొట్టుకుపోయి రైళ్లు ఆగిపోయాయి. ఒక ఇంటి గడప మీద పదిహేనేళ్ల కుర్రాడు పండగ పూట కూడా ఎవరితోనూ మాట్లాడకుండా కూర్చున్నాడు.

అతనికి నేను పేరు పెట్టడం లేదు. గల్ఫ్‌కు మనిషిని పంపిన చాలా ఇళ్లలో వినిపించే మాటలను ఒకే ఇంటికి చేర్చి చెబుతున్న గాథ ఇది.

"ఏమైందిరా, గట్ల మూతి ముడుసుకున్నవ్?" అంది తల్లి.

"ముసురుకు పానం విసిగిందే. ఎండల తిరగాలనిపిస్తుంది."

"రేపో ఎల్లుండో తేటపడ్తది తియ్యి."

"ఈడి ఎండ కాదే. బాపు కాడి ఎండ."

తల్లి మాట్లాడకుండా పొయ్యి దగ్గరికి వెళ్లిపోయింది.

దుబాయ్ అంతా అతనికి ఫోన్లోనే పరిచయం. 828 మీటర్ల బుర్జ్ ఖలీఫా, జుమేరా ఇసుక, నీలంగా మెరిసే సముద్రం, మబ్బు తునకైనా లేని ఆకాశం. పదో తరగతి పరీక్షలు కాగానే విమానం ఎక్కాలి, బడులు తెరిచేదాకా బాపుతో ఉండాలి. రెండేళ్లకోసారి సెలవు మీద వచ్చి, సామాన్లు సర్దుకుని వెళ్లిపోయే మనిషితో ఒక్క వేసవి మొత్తం గడపాలి. అతను కోరుకునే ఎండలో సగం సముద్రపు ఒడ్డుదైతే, మిగతా సగం తండ్రిది.

రాత్రి బోటిమ్‌లో కాల్ వచ్చింది. అక్కడ వాట్సాప్ కాల్స్ కలవవు, అందుకే దుబాయ్‌కి మనిషిని పంపిన చాలా ఇళ్లకు ఈ యాప్ అలవాటు. తండ్రి దుబాయ్‌లోని సోనాపూర్ లేబర్ క్యాంపులో, ఒకదాని మీద ఒకటి వేసిన మంచాల్లో కింది మంచం మీద కూర్చున్నాడు.

"బాపూ, వచ్చే ఎండకాలం సెలవుల్ల నన్ను ఆడికి తోల్కపోతవా?"

కాసేపు ఏ మాటా లేదు.

"ఈడి ఎండ ఒక్కనాడు సూస్తే మల్ల అడగవు బిడ్డా. మంచిగ సదువుకో."

జీతం సంగతి మాత్రం చెప్పలేదు. యూఏఈలో కుటుంబాన్ని తెచ్చుకుని ఉంచుకోవాలంటే నెలకు 4,000 దిర్హాముల జీతం ఉండాలి, లేదా 3,000తో పాటు కంపెనీ ఇల్లివ్వాలి. కట్టడం పనిలో కూలికి ఆ అంకె అందదు. విజిట్ వీసా మీద పిలిపించినా టికెట్ డబ్బులు కావాలి, పిల్లవాణ్ణి పడుకోబెట్టడానికి చోటు కావాలి. క్యాంపు గదిలో ఆ చోటు లేదు.

ఎండ గురించి తండ్రి అన్నది సాకు కాదు. అక్కడ ఏటా జూన్ 15 నుంచి సెప్టెంబర్ 15 దాకా మధ్యాహ్నం 12.30 నుంచి 3 వరకు ఆరుబయట పని చేయించకూడదని చట్టం. మన బడులు తెరిచేది జూన్ 12న. అంటే పిల్లవాడికి సెలవులుండే ఏప్రిల్ చివర, మే నెలంతా తండ్రికి నడినెత్తిన సూర్యుడు ఉన్నప్పుడు కూడా పనే. కొడుకు సెలవులు ముగిశాకే ఆయనకు ఆ రెండున్నర గంటల నీడ. ఈ రెండు తేదీలు పక్కపక్కన చూసినప్పటి నుంచి నాకు మనసు కుదురుగా లేదు.

మంజీర నీళ్లు, నిజాంసాగర్ కాలువలు ఉన్న ప్రాంతం నుంచి కూడా మనుషులు ఎడారికి పోతున్నారు. వాళ్లు పంపిన డబ్బుతో ఇక్కడ స్లాబులు పడ్డాయి, పెళ్లిళ్లు అయ్యాయి, అప్పులు తీరాయి. తండ్రి పక్కన పెరగాల్సిన ఏళ్లు మాత్రం ఏ మనియార్డరులోనూ తిరిగి రావు.

గల్ఫ్‌లో చనిపోయిన కార్మికుడి కుటుంబానికి 5 లక్షల రూపాయలు ఇస్తామని 2024లో తెలంగాణ ప్రభుత్వం ఉత్తర్వు ఇచ్చింది. గల్ఫ్ కార్మికుల పిల్లలకు గురుకులాల్లో ప్రాధాన్యం ఇస్తామంది. రెండూ మంచివే. కానీ డబ్బు సాయం మనిషి పోయాకే మొదలుకాకూడదు. ఏటా వేసవిలో కొందరు కార్మికుల పిల్లలనైనా రెండు వారాలు తండ్రుల దగ్గరికి పంపే పథకం ఒకటి పెట్టండి. టికెట్, వీసా, బస ఖర్చు ప్రభుత్వం భరించాలి, అక్కడి తెలుగు సంఘాలు చేయి కలపాలి. మొదటి జాబితా కామారెడ్డి, నిజామాబాద్, జగిత్యాల, సిరిసిల్ల జిల్లాల నుంచి రాయండి.