బి.వెంకటరమణ - మద్రాసు రాష్ట్రం కేసు (1951)

బి.వెంకటరమణ - మద్రాసు రాష్ట్రం కేసు, ప్రభుత్వోద్యోగ నియామకాలలో కులాలవారీ కేటాయింపుల చెల్లుబాటుపై భారత సుప్రీం కోర్టు 1951 ఏప్రిల్ 9న తీర్పు చెప్పిన వ్యాజ్యం. అదే రోజున వెలువడిన చంపకం దొరైరాజన్ కేసు తీర్పు వలన దీనికి రావలసినంత ప్రసిద్ధి రాలేదు. చంపకం కేసు వైద్య, ఇంజనీరింగు కళాశాలల ప్రవేశాలకు సంబంధించినది కాగా, ఇది కొలువులకు సంబంధించినది. రాజ్యాంగంలోని 16(4) అధికరణాన్ని సుప్రీం కోర్టు ఒక నియామక వివాదానికి అన్వయించిన తొలి సందర్భాలలో ఇది ఒకటి.

నేపథ్యం

అప్పటికి ఆంధ్ర రాష్ట్రం ఏర్పడలేదు. చిత్తూరు జిల్లాలోని వెంకటగిరికోట, కుప్పం, పుంగనూరు, మదనపల్లె మొదలుకొని ఉత్తరాన శ్రీకాకుళం వరకు తీరాంధ్ర, రాయలసీమ జిల్లాలన్నీ మద్రాసు రాష్ట్రంలోనే ఉండేవి. 1953 అక్టోబరు 1 వరకు ఈ ప్రాంతాల అభ్యర్థులు మద్రాసు పబ్లిక్ సర్వీస్ కమిషన్‌కే దరఖాస్తు చేసుకునేవారు. కనుక ఈ తీర్పు తెలుగు జిల్లాల అభ్యర్థులకూ నేరుగా వర్తించింది.

మద్రాసులో ఉద్యోగాలను సామాజిక వర్గాల వారీగా పంచే ఉత్తర్వులు జస్టిస్ పార్టీ పాలనలో, 1921 నుండి మొదలైనాయి. వీటిని "కమ్యూనల్ జీ.ఓ." అని వ్యవహరించేవారు. 1947లో సవరించిన విధానం ప్రకారం ప్రతి 14 స్థానాలలో బ్రాహ్మణేతర హిందువులకు 6, వెనుకబడిన హిందువులకు 2, బ్రాహ్మణులకు 2, హరిజనులకు 2, ఆంగ్లో ఇండియన్లకు, భారతీయ క్రైస్తవులకు కలిపి 1, ముస్లిములకు 1 చొప్పున వంతులు ఉండేవి. ఈ పట్టికలో జనరల్ కోటా అనేదే లేదు. ప్రతి అభ్యర్థి ఏదో ఒక వర్గానికి చెందిన గడిలోనే పోటీ పడాలి. నేటి రిజర్వేషన్లకూ ఆనాటి వంతులకూ ఉన్న ముఖ్యమైన తేడా ఇదే.

వివాదం

1949 డిసెంబరులో కమిషన్ జిల్లా మున్సిఫ్ పోస్టులకు దరఖాస్తులు కోరింది. (జిల్లా మున్సిఫ్ అంటే సివిల్ న్యాయస్థానపు తొలి మెట్టు న్యాయాధికారి, నేటి జూనియర్ సివిల్ జడ్జికి సమానం. గ్రామాలలో శిస్తు వసూలు చేసిన మునసబుతో దీనిని కలిపి చూడరాదు.) మొత్తం 83 ఖాళీలను ఇలా పంచారు: హరిజనులకు 19, ముస్లిములకు 5, క్రైస్తవులకు 6, వెనుకబడిన హిందువులకు 10, బ్రాహ్మణేతర హిందువులకు 32, బ్రాహ్మణులకు 11. బ్రాహ్మణుడైన వెంకటరమణకు ఉద్యోగం రాలేదు. మార్కులు ఎన్ని వచ్చినా ఆయన 11 పోస్టులకు మాత్రమే పోటీ పడగలరు. ఆయన 32వ అధికరణం క్రింద నేరుగా సుప్రీం కోర్టును ఆశ్రయించారు.

తీర్పు

ఏడుగురు న్యాయమూర్తుల ధర్మాసనం తరఫున జస్టిస్ ఎస్.ఆర్.దాస్ తీర్పు వెలువరించారు. తీర్పు ఉత్తర్వును స్థూలంగా కొట్టివేసినా, దానిలోని అంశాలను వేరు చేసి చూచింది. హరిజనులకు, వెనుకబడిన హిందువులకు కేటాయించిన 29 పోస్టులకు 16(4) అధికరణపు రక్షణ ఉన్నదని కోర్టు అంగీకరించింది. వెనుకబడిన హిందూ కులాల జాబితా మద్రాసు సర్వీసు నిబంధనల అనుబంధంలో స్పష్టంగా ఉండడం ఇక్కడ ఉపకరించింది. మిగిలిన 54 పోస్టుల సంగతి వేరు. అవి ఏ వెనుకబాటుతనాన్నీ ఆధారం చేసుకోలేదు. ముస్లిములకు, క్రైస్తవులకు, బ్రాహ్మణేతరులకు ఉంచిన 43 పోస్టులకు వెంకటరమణ అనర్హుడు కావడానికి ఆయన కులం తప్ప మరో కారణం లేదు గనుక, అది 16(1), 16(2) అధికరణాలకు విరుద్ధమని తేల్చింది. వంతుల నిబంధనను పాటించకుండా, యోగ్యతను బట్టి ఆయన దరఖాస్తును పరిశీలించవలసినదిగా ప్రభుత్వాన్ని ఆదేశించింది.

ఈ కేసును రిజర్వేషన్లకు వ్యతిరేక తీర్పుగా పేర్కొనడం కద్దు. అది సగం నిజమే. ఆ 29 పోస్టుల విషయంలో ఇది రిజర్వేషన్లను సమర్థించిన తీర్పు.

పర్యవసానం

కళాశాల ప్రవేశాలకు 16(4) వంటి మినహాయింపు లేనందున చంపకం కేసులో కేటాయింపులన్నీ రద్దైనాయి. ఆ లోటు తీర్చడానికి 1951 జూన్‌లో మొదటి రాజ్యాంగ సవరణ ద్వారా 15(4) నిబంధనను చేర్చారు. ఉద్యోగాల విషయంలో అటువంటి సవరణ అవసరపడలేదు.

వెంకటరమణ కేసు తరువాత ప్రశ్న "ఎవరు వెనుకబడినవారు, ఎంత వాటా" అన్నదానికి మారింది. ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం 1970లో ప్రకటించిన 25 శాతం వెనుకబడిన తరగతుల వాటాను, కళాశాల ప్రవేశాలకు సంబంధించిన బలరాం కేసులో సుప్రీం కోర్టు 1972లో సమర్థించింది. 1986లో ఆ వాటాను 44 శాతానికి పెంచగా హైకోర్టు కొట్టివేసింది. 1992 నవంబరు 16న ఇంద్రా సాహ్నీ కేసులో జస్టిస్ బి.పి.జీవన్ రెడ్డి వ్రాసిన ప్రధాన తీర్పు, సాధారణంగా రిజర్వేషన్లు 50 శాతం మించరాదని చెప్పింది. రిజర్వుడు వర్గపు అభ్యర్థి సొంత ప్రతిభతో జనరల్ స్థానం పొందితే, దానిని అతని వర్గపు కోటాలో లెక్కించరాదని కూడా అదే తీర్పు పేర్కొన్నది. సర్వీస్ కమిషన్ ఎంపిక జాబితాలపై వచ్చే వ్యాజ్యాలలో తరచుగా చర్చకు వచ్చే సూత్రం ఇదే.

షెడ్యూల్డు కులాలను వర్గీకరించిన ఆంధ్రప్రదేశ్ చట్టాన్ని 2004లో ఇ.వి.చిన్నయ్య కేసులో సుప్రీం కోర్టు రద్దు చేసింది. 2024 ఆగస్టు 1న ఏడుగురు న్యాయమూర్తుల ధర్మాసనం ఆ తీర్పును త్రోసిపుచ్చి, వర్గీకరణకు రాష్ట్రాలకు అధికారం ఉన్నదని తీర్పునిచ్చింది.