హైదరాబాదు బెలూను, ఆకాశంలో దుమ్ము

మా నిమ్మనపల్లెలో దుమ్మంటే మదనపల్లె బస్సు వెళ్ళాక వెనకాల లేచేదే. కానీ ఆకాశం నుంచి కూడా దుమ్ము పడుతుంది, ఏటా కొన్ని వేల టన్నులు! తోకచుక్కలు, గ్రహశకలాలు వదిలిన పొడి అది. నేలమీద ఏరబోతే మన మట్టిలో కలిసిపోయి ఉంటుంది. కాబట్టి పైకెళ్ళి వెతకాలి. అలాంటి వెతుకులాట ఒకటి మన హైదరాబాదులోనే జరిగింది.

ఈసీఐఎల్ దగ్గర టీఐఎఫ్ఆర్ వాళ్ళ బెలూన్ కేంద్రం 1969 నుంచీ ఉంది. తోకచుక్కల దుమ్ముతోపాటు సూక్ష్మజీవులు కూడా భూమ్మీదకి వచ్చాయని ఫ్రెడ్ హొయిల్, చంద్ర విక్రమసింఘేల వాదన. అదేదో తేల్చుకుందామని జయంత్ నార్లీకర్ బృందం, ఇస్రో కలిసి 2001 జనవరిలో ఒకసారి, 2005 ఏప్రిల్ 20న మరోసారి ఇక్కడినుంచి బెలూన్లు ఎగరేశారు.

2005 బెలూను మోసింది 459 కిలోల సరంజామా. అందులో 38 కిలోల ద్రవ నియాన్, దాంట్లో మునిగి 16 స్టీలు గొట్టాలు, వాటి లోపల శూన్యం. గొట్టం తెరిస్తే లోపలికొచ్చిన గాలి ఆ చలికి గడ్డకడుతుంది, ఇంకా గాలి లోపలికొస్తుంది. వేరే పంపు అక్కర్లేదు! 20 నుంచి 41 కిలోమీటర్ల ఎత్తులో గాలి పట్టి, పారాచూట్‌తో దింపారు.

అసలు చిక్కంతా ఆ తర్వాతే. దొరికింది పైనుంచి వచ్చిందా, మన చేతులకున్నది అంటుకుందా? అందుకే గొట్టాలను ముందే క్రిమిరహితం చేశారు. నమూనాలను హైదరాబాదు సీసీఎంబీ, పుణె ఎన్‌సీసీఎస్ విడివిడిగా పరీక్షించాయి. మన భాషలో చెప్పాలంటే ఒకే బిల్డుని రెండు టెస్టింగ్ టీములు చూసినట్టు.

మూడు కొత్త బాక్టీరియా బయటపడ్డాయి. అతినీలలోహిత కిరణాలకి బాగా తట్టుకునే రకాలు. 2009లో హొయిల్, ఇస్రో, ఆర్యభటల పేర్లు పెట్టారు. అయితే ఇవి వేరే లోకానివని రుజువు కాలేదని ఇస్రోనే స్పష్టంగా చెప్పింది. తర్వాత ఆర్యభట పేరున్నది మొక్కల వేళ్ళ దగ్గర మట్టిలో కూడా దొరికింది. అంటే ఇక్కడినుంచే పైకెళ్ళి ఉండొచ్చు కదా!

నా ఉద్దేశంలో ఆ ప్రయోగం గొప్పతనం అదే. ఆశించిన జవాబు రాకపోయినా ఉన్నదున్నట్టు రాశారు. 2024 జనవరి 1న శ్రీహరికోట నుంచి వెళ్ళిన డెక్స్ పరికరం రోదసిలో దుమ్ము తాకిడిని లెక్కపెట్టింది, ఉపగ్రహాల భద్రతకి అది కావాలి. కానీ రేపు అంగారకుడి మట్టే తెచ్చినా, మొదట వేసుకోవాల్సింది మాత్రం ఆ హైదరాబాదు ప్రశ్నే: ఇది అక్కడిదా, మనదా?