సంత, చెరువుగట్టు, సిరాసార్: బస్తర్‌లో ఉమ్మడి జాగాల లెక్క

కేంద్ర పట్టణాభివృద్ధి శాఖ 2014లో వెలువరించిన ప్రణాళికా మార్గదర్శకాల ప్రకారం పట్టణంలో తలకు 10 నుంచి 12 చదరపు మీటర్ల బహిరంగ స్థలం ఉండాలి. 2011 జనగణన నాటికి ఛత్తీస్‌గఢ్‌లోని బస్తర్ ముఖ్యపట్టణం జగదల్‌పూర్ జనాభా సుమారు లక్షా పాతిక వేలు. తక్కువలో తక్కువ వేసుకున్నా 125 హెక్టార్లు చూపించాలి. లామ్ని పార్కును, లాల్‌బాగ్ మైదానాన్ని, కాలనీల్లోని చిన్నాచితకా పార్కులను టేపు పెట్టి కొలవడం ఒక పూట పని. తిరకాసంతా పద్దు దగ్గర వస్తుంది. ఆదివారం సంత సాగే నేలను ఏ పద్దులో వేయాలి? దసరాకు రథం తిరిగే వీధులను ఎక్కడ రాయాలి? దళపత్ సాగర్ గట్టు పార్కా, రేవా, కట్టా?

బస్తర్‌లో ఉమ్మడి జాగాకు హద్దు గీసేది కంచె కన్నా వారం, తిథి అనేది ఈ వ్యాసంలోని ప్రతిపాదన. ఇక్కడి సంతమాళానికి వారంలో ఆరు రోజులు పని ఉండదు. ఏడో రోజు పది పదిహేను ఊళ్ల జనం అక్కడే ఉంటారు. ఆరు రోజుల్లో ఏదో ఒకనాడు వచ్చిన సర్వేయరు ఆ నేలను ‘ఖాళీ’ అని రాసుకుని వెళ్తాడు. ఆ రాతకు, ఆ ఏడో రోజుకు నడుమ ఉన్న తగాదాను అర్థం చేసుకోవాలంటే పార్కు అనే ఊహ ఎక్కడ ఎలా పెరిగిందో కాస్త చూడాలి.

ఉత్తర ఐరోపా కొలబద్ద

పార్కును పేట జీవితానికి కేంద్రంగా పెట్టి ఆలోచించిన నగరాల్లో స్టాక్‌హోమ్, కోపెన్‌హాగన్ ముందు వరుసలో ఉంటాయి. హోల్గర్ బ్లోమ్ 1938 నుంచి 1971 వరకు స్టాక్‌హోమ్ పార్కుల అధిపతిగా ఉన్నాడు. ఎక్కడో ఒకచోట పెద్ద తోట వేసి చేతులు దులుపుకోకుండా, ప్రతి ఇంటి గడప నుంచి నీటి ఒడ్డు దాకా పచ్చదనం అల్లుకుంటూ పోవాలన్నది ఆయన పట్టుదల. 1940లలో మాలారెన్ సరస్సు అంచున ఎరిక్ గ్లెమ్మే తీర్చిన నూర్ మాలార్‌స్ట్రాండ్ ఒడ్డు ఆ పట్టుదలకు ఫలం. కోపెన్‌హాగన్ శివారు ఎమ్‌డ్రుప్‌లో 1943లో, జర్మన్ల ఆక్రమణ కాలంలో, పాత చెక్కలూ ఇటుకలూ పోసి పిల్లల ఇష్టానికి వదిలేసిన ఆటస్థలం మొదలైంది. తీర్చిదిద్దిన ఆటస్థలాల కంటే కట్టుబడి జరిగే చోట్లలోనే పిల్లలు ఎక్కువ ఆడుకుంటున్నారని గమనించిన తోటల శిల్పి సి. టి. సోరెన్‌సెన్ ఆలోచన అది.

మన చర్చకు ఎక్కువ పనికొచ్చేది యాన్ గేల్. ఇళ్ల మధ్య సాగే జీవితం గురించి ఆయన 1971లో రాసిన పుస్తకం మనిషి ఆరుబయట చేసే పనులను మూడు రకాలుగా విడదీసింది: తప్పనిసరివి, ఇష్టానికి చేసేవి, నలుగురితో కలిసి చేసేవి. బడికి, కొలువుకు నడవడం మొదటి రకం. చోటు ఎంత అధ్వానంగా ఉన్నా అది ఆగదు. ఎండ కాచుకుంటూ బెంచీ మీద కూర్చోవడం రెండో రకం. చోటు బాగుంటేనే అది జరుగుతుంది. ఈ రెండింటి నుంచీ మూడోది పుడుతుందని ఆయన వాదన. వాహనాల నగరానికి ఈ విభజన చక్కగా అతుకుతుంది. దీన్నే సంతకు పెట్టి చూస్తే కుట్లు ఊడిపోతాయి.

సంత అనే చక్రం

జగదల్‌పూర్‌లో ఆదివారం, తోకాపాల్‌లో సోమవారం సంత. బస్తర్ పల్లెల్లో వారాలకు ఇలా ఊళ్ల పేర్లు అంటుకుని ఉంటాయి. చింతపండు, ఇప్పపువ్వు, సారపప్పు, ఆకు దొప్పల్లో ఎర్రచీమల పచ్చడి, కుండల్లో జీలుగుకల్లు, ఓ పక్క కోడిపందెం: ఇంతవరకు పర్యాటక శాఖ కరపత్రాలు కూడా చెబుతాయి. కొనాల్సింది గుప్పెడు ఉప్పే అయినా ఇంట్లో ముగ్గురు ఎందుకు బయల్దేరుతారో ఆ కరపత్రాల్లో దొరకదు. ఉప్పు కొనడం తప్పనిసరి పని. దానికోసం కోసులు నడవడం, చెట్టు కింద వియ్యపురాలితో కూర్చోవడం, పక్క ఊళ్లో ఎవరు పోయారో ఎవరికి పెళ్లి కుదిరిందో వినడం, కొత్త చీర నలుగురి కంట పడేలా తిరగడం గేల్ లెక్కలో ఇష్టానికి చేసేవీ, కలిసి చేసేవీ. సంతలో ఈ మూడూ ఒకే గంపలో వస్తాయి. ‘సంతకెళ్లొస్తా’ అన్న మాట చాలు, మిగతా రెంటికీ వేరే సంజాయిషీ అక్కర్లేదు.

నారాయణపూర్ ప్రాంతంలోని ధోరాయి సంతపై మానవశాస్త్రజ్ఞుడు ఆల్‌ఫ్రెడ్ జెల్ 1982లో ప్రచురించిన వ్యాసం ఈ విషయంలో ఇప్పటికీ దారిదీపం. ఆయన సంతను చక్రంగా చూశాడు. నడిబొడ్డున నగలవాళ్లు, బట్టలవాళ్లు. అంచుకు పోయేకొద్దీ ఊరి పంటలు, అడవి సరుకు. ఎవరు ఎక్కడ కూర్చుంటారన్నదాన్ని గీత గీసి ఎవరూ చెప్పరు. అయినా ఆ కూర్చునే తీరు బస్తర్ సమాజంలోని ఎక్కువ తక్కువలకు నేల మీద వేసిన ముగ్గులా ఉంటుందని ఆయన విశ్లేషణ. ఉమ్మడి జాగా అనగానే సమానత్వాన్ని ఊహించుకునే అలవాటు పరిశోధకుల్లో ఉంది. దాన్ని ఇక్కడ కొంచెం అదుపులో పెట్టుకోవాలి. ఉప్పు కొలిచిపోసి సారపప్పు కొలిచి తీసుకున్న వర్తకుల కథలు బస్తర్‌లో ఎవరినడిగినా చెబుతారు. 1910 ఫిబ్రవరి తొలి రోజుల్లో భూమ్‌కాల్ తిరుగుబాటు రాజుకున్నప్పుడు మొదట దోపిడీకి గురైన వాటిలో పుష్పాల్ సంత ఒకటి. మామిడి కొమ్మ, మిరపకాయలు, బాణం ఊరూరా తిప్పి కబురు పంపుకున్న జనానికి తమ కోపం ఎక్కడ చూపించాలో బాగా తెలుసు.

ఇక్కడ మురియా యువతీయువకుల ఉమ్మడి ఇల్లైన ఘోటుల్‌ను కూడా ఒక మాట తలచుకోవాలి. వెరియర్ ఎల్విన్ 1947లో మురియాల ఘోటుల్‌పై పెద్ద గ్రంథం వెలువరించాక ఆ సంస్థ గురించి లోకం వినదలచుకున్నది ఒక్కటే విన్నది: అక్కడి లైంగిక స్వేచ్ఛ. ఆ రుచి పట్టిన చదువరుల కంటికి ఘోటుల్ వాకిలి ఆనలేదు. చేలిక్‌లు (యువకులు), మోతియారీలు (యువతులు) ఊరి పెళ్లికీ చావుకీ చాకిరీ పంచుకునేదీ, పాట నేర్చేదీ అక్కడే. పేట పిల్లలకు ఒక చోటు, దాని నిర్వహణ పిల్లల చేతుల్లోనే: ఎమ్‌డ్రుప్‌లో సోరెన్‌సెన్ ప్రయోగంగా మొదలుపెట్టింది మురియా పల్లెల్లో ఆచారంగా ఉండేది.

చెరువు ఎవరిది?

తెలుగువాళ్లకు బస్తర్ చెరువుల పేరెత్తగానే కాకతీయులు గుర్తొస్తారు. 1323లో ఓరుగల్లు పతనమయ్యాక ప్రతాపరుద్రుడి తమ్ముడు అన్నమదేవుడు ఇటు వచ్చి రాజ్యం స్థాపించాడన్నది ఈ వంశం చెప్పుకున్న చరిత్ర. దంతేవాడలో 1703 నాటి దిక్పాలదేవుడి శాసనం ఆ వంశక్రమాన్ని రాతికెక్కించింది. గొలుసుకట్టు చెరువుల పరంపరను అన్నమదేవుడు మూటగట్టుకుని తెచ్చాడని రాయడం మనకు ఇంపుగా ఉంటుంది. చరిత్ర అంత సాఫీగా లేదు. ఆయనకు రెండున్నర శతాబ్దాల ముందే, శక సం. 983లో, అంటే క్రీ.శ. 1060–61లో, ఛిందక నాగ రాజు జగదేకభూషణ ధారావర్షుడి సామంతుడైన చంద్రాదిత్యుడు బార్సూరులో శివాలయం కట్టించి చంద్రాదిత్య సముద్రమనే చెరువు తవ్వించినట్టు శాసనం ఉంది. ఆ శాసనం తెలుగులో ఉంది. చంద్రాదిత్యుడు తెలుగు చోడుడు. బస్తర్ చెరువుకు తెలుగుతో చుట్టరికం ఉన్నమాట నిజమే కానీ, ఆ చుట్టరికం కాకతీయుల కంటే పాతది.

దళపత్ సాగర్ ఆ తర్వాతి తరాలది. 18వ శతాబ్దంలో దళపత్ దేవ్ రాజధానిని బస్తర్ గ్రామం నుంచి ఇంద్రావతి ఒడ్డుకు మార్చినప్పుడు జగదల్‌పూర్ వెలిసింది. ఊరితోపాటు చెరువూ వచ్చింది. ఛత్తీస్‌గఢ్‌లోని అతిపెద్ద మానవ నిర్మిత చెరువుల్లో ఒకటిగా దాన్ని చెబుతారు. దాని మధ్య దీవిలో శివాలయం ఉంది. కొన్నేళ్లుగా గుర్రపుడెక్క కమ్మేసి నీళ్లు కనిపించని పరిస్థితి వచ్చింది. పట్టణవాసులు చెరువును కాపాడుకుందామంటూ ఉద్యమించారు, స్వయంగా దిగి కలుపు లాగారు, గట్టు మీద వేల దీపాలు వెలిగించారు.

నూర్ మాలార్‌స్ట్రాండ్ పాఠం ఇక్కడే పనికొస్తుంది, హెచ్చరిక కూడా ఇక్కడే ఉంది. నీటి అంచును జనానికి తెరిచి ఉంచాలన్న స్టాక్‌హోమ్ ఆలోచన మనం నిస్సంకోచంగా తీసుకోవచ్చు. అయితే పట్టణ చెరువు మన దగ్గర ఒకేసారి రేవు, వల వేసే చోటు, బట్టలు ఉతికే బండ, బతుకమ్మనో జవారానో నిమజ్జనం చేసే మెట్టు. ‘సుందరీకరణ’ పేరుతో వచ్చే పనులు సాధారణంగా నడకబాటతో మొదలై రెయిలింగుతో ముగుస్తాయి. హైదరాబాదు హుస్సేన్‌సాగర్ మొదలు వరంగల్ భద్రకాళి చెరువు దాకా మనం చూస్తున్నదే. నడిచేవాడికి చోటు దొరికినచోట ఉతికేవాడికి దొరకలేదు. చెరువును చూడ్డానికి వచ్చేవాళ్లకు ఇచ్చే చోటును చెరువు మీద బతికేవాళ్ల నుంచి తీసుకోవడాన్ని పార్కు అనడం నాకు సమ్మతం కాదు.

దేవుళ్లు పట్నం వచ్చే రోజులు

కోపెన్‌హాగన్ నూర్‌బ్రో పేటలో 2012లో తెరిచిన సూపర్‌కీలెన్ పార్కులో మొరాకో ఫౌంటెన్, జపాను ఆక్టోపస్ జారుడుబండ, బాగ్దాదు ఊయల ఉన్నాయి. ఆ పేటలో ఉండే వలసజనం తమ దేశపు వస్తువు ఒకటి అక్కడ చూసుకోవాలన్నది రూపకర్తల ఉద్దేశం. పరాయి ఊళ్లో మన వస్తువు కనబడితే ఆ ఊరు కాస్త మనదవుతుందన్న ఈ సూత్రాన్ని జగదల్‌పూర్ ఏటా ఇంతకంటే పెద్ద ఎత్తున అమలు చేస్తుంది. బస్తర్ దసరాకు పల్లెల నుంచి ఆంగా దేవుళ్లు భుజాల మీద, ఛత్రాలూ డోలీలతో పట్నానికి వస్తారు. దంతేవాడ నుంచి మావ్లీ అమ్మవారు వస్తుంది. దేవుడు వచ్చాడంటే ఊరు వచ్చినట్టే, పట్నం వాళ్లకు చోటు చూపించాల్సిందే.

పండుగ 75 రోజులు. హరేలీ అమావాస్యనాడు, అంటే మన లెక్కలో ఆషాఢ అమావాస్యనాడు, పాట జాత్రతో రథానికి తొలి దుంగ పడుతుంది. రాముడి ప్రస్తావనకు గానీ రావణ దహనానికి గానీ ఇందులో చోటు లేదు, దసరా దంతేశ్వరి అమ్మవారిది. 15వ శతాబ్దపు పురుషోత్తమ దేవ్ పూరీ నుంచి రథపతి బిరుదుతో తిరిగివచ్చి రథోత్సవం మొదలుపెట్టాడని చెబుతారు. నా ఆసక్తి ఆ బిరుదు మీద లేదు, పని పంపకం మీద ఉంది. రథం చెక్కే హక్కు బేడా ఉమర్‌గావ్, ఝార్ ఉమర్‌గావ్ వడ్రంగులది. ఎనిమిది చక్రాల రథాన్ని లాగే హక్కు కిలేపాల్ మాడియాలది. సిరాసార్ భవనంలో తొమ్మిది రోజులు గుంటలో కదలకుండా కూర్చునే జోగి హల్బా యువకుడు. అసలు పండుగ జరపవచ్చునని అనుమతి ఇచ్చేది కాఛన్ గాదిలో ముళ్ల ఊయల మీద పడుకున్న మిర్గాన్ కులపు బాలిక. పట్నం వీధులను వాడుకోవడానికి రాజు సైతం ఒక నేత కులపు పిల్లను అడగాలి. మునిసిపల్ పర్మిట్ చరిత్రలో ఇలాంటి అధ్యాయం మరొకటి ఉండదేమో.

భీతర్ రైనీ రాత్రి రథాన్ని ‘దొంగిలించి’ కుమ్హడాకోట్‌కు లాక్కుపోతారు. మర్నాడు రాజు అక్కడికి వెళ్లి జనంతో కొత్తబియ్యం తిని రథాన్ని వెనక్కి తెచ్చుకోవాలి. తర్వాత మురియా దర్బారులో ఊరి పెద్దలైన మాంఝీలు, చాలకీలు ఊళ్ల గోడు వినిపిస్తారు. 1876లో మొదలైన ఈ దర్బారుకు ఇప్పుడు ముఖ్యమంత్రులూ మంత్రులూ వస్తుంటారు. 1966 మార్చి 25న బస్తర్ మాజీ రాజు ప్రవీర్‌చంద్ర భంజ్‌దేవ్ ఇదే పట్నపు రాజమహల్లో పోలీసు కాల్పుల్లో చనిపోయాక కూడా పండుగ ఆగలేదు. ఆ నేల మీద హక్కు ఒక్క రాజు చేతిలో లేకపోబట్టే అది సాధ్యమైందని నా అభిప్రాయం.

సంత మూతపడ్డప్పుడు

ఉమ్మడి జాగా విలువ అది పోయినప్పుడు లెక్క తేలుతుంది. 2005లో మావోయిస్టులకు వ్యతిరేకంగా సల్వాజుడుం మొదలయ్యాక దక్షిణ బస్తర్‌లో పల్లెలు ఖాళీ చేయించి జనాన్ని రోడ్డు పక్క శిబిరాలకు చేర్చారు. సంతలు మూతపడ్డాయి. తాలిపేరు ఒడ్డున కళకళలాడిన బాసగూడ సంత బోసిపోయింది. సంత లేకపోతే ఉప్పు, నూనె, మందుబిళ్ల మాత్రమే ఆగవు. పెళ్లి సంబంధాలు, అప్పు పత్తాలు, తప్పిపోయినవాళ్ల ఆచూకీ అన్నీ ఆగుతాయి. వేల కుటుంబాలు గోదావరి ఇవతలికి వచ్చి ఖమ్మం, వరంగల్ అడవుల అంచున గుడిసెలు వేసుకున్నాయి. మనం వాళ్లను గుత్తికోయలంటున్నాం. సుప్రీంకోర్టు 2011 జులై 5న సల్వాజుడుంను రాజ్యాంగ విరుద్ధమని తీర్పు చెప్పింది. తీర్పుతో సంతలు ఆ వారమే తిరిగి కూడలేదు. చింతూరు, వెంకటాపురం సంతల్లో చింతపండు గంపలతో కూర్చునే ఆ ఆడవాళ్లను చూసినప్పుడు, వాళ్లు తమ సంతను ఇక్కడ వెతుక్కుంటున్నారని మనకు తట్టదు.

నార్వేలో ఆరుబయలు అందరిదన్న హక్కు 1957లో చట్టమైంది. స్వీడన్ 1994లో దాన్ని రాజ్యాంగంలోనే రాసుకుంది. పరాయివాడి అడవిలో కూడా ఎవరైనా నడవవచ్చు, పండు కోసుకోవచ్చు. మన 2006 అటవీహక్కుల చట్టం వేరే దారి పట్టింది. హక్కు గ్రామసభది, అంటే ఊరి పేరుమీద ఉన్న ఉమ్మడి హక్కు. 2021లో ధమ్తరి జిల్లా నగరి పట్టణ పరిధిలోనూ సామూహిక అటవీ వనరుల హక్కు గుర్తించారు. బస్తర్‌లో దేవగుడుల తోపులు కొన్నిటికి హక్కు పత్రాలు వచ్చాయి. సంతమాళానికి మాత్రం ఈ చట్టాల్లో వేటిలోనూ నేరుగా చోటు లేదు. అది ఆశీలు వేలంపాట కాగితంలోనే కనిపిస్తుంది.

నగర్‌నార్ ఉక్కు కర్మాగారం 2023లో ప్రారంభమైంది. జగదల్‌పూర్ చుట్టూ నేల ధర పెరుగుతోంది, రెవెన్యూ రికార్డులో ‘ఖాళీ’ అన్న మాటకు ఇదివరకు లేని గిరాకీ వచ్చింది. పట్టణ ప్రణాళిక తయారు చేసేవారికి ఒక చిన్న విన్నపం. సర్వే నంబరు, విస్తీర్ణం, యాజమాన్యం గడుల పక్కన ఇంకొక గడి గీయండి. ఆ నేల మీద ఏ వారం సంత కూడుతుందో, ఏ తిథికి ఏ దేవుడు దిగుతాడో అందులో రాయించండి. రాసేటప్పుడు తోకాపాల్‌కు సోమవారం వెళ్లండి.