హైదరాబాదు ఫుట్‌బాల్: 1956–57 సీజన్, దాని పూర్వాపరాలు

హైదరాబాదు జట్టు జాతీయ ఫుట్‌బాల్ ఛాంపియన్‌షిప్ అయిన సంతోష్ ట్రోఫీని మొట్టమొదటిసారి గెలుచుకొన్నది 1956–57 సీజన్‌లోనే. హైదరాబాదు వాసి సయ్యద్ అబ్దుల్ రహీం శిక్షణలో భారత జట్టు మెల్‌బోర్న్ ఒలింపిక్ క్రీడలలో నాలుగవ స్థానం పొందినది కూడా ఆ సీజన్‌లోనే. ఆ జట్టు ఏ రాష్ట్రం పేరు మోస్తూ ఆడుతున్నదో ఆ హైదరాబాదు రాష్ట్రం 1956 నవంబరు 1న భారతదేశ పటం నుండి తొలగిపోయింది. తెలుగువారి క్రీడాచరిత్రలో ఈ సీజన్‌కు ప్రత్యేక స్థానం కలగడానికి ఈ మూడు సంఘటనల కలయికయే కారణం.

రాష్ట్రం పేరు, జట్టు పేరు

రాష్ట్రాల సరిహద్దులు మారినప్పుడు మనుషులు ఉన్నచోటనే ఉన్నా వారి చిరునామా మారిపోతుందన్న సంగతి కోరాపుట్, రాయగడ ప్రాంతాల తెలుగువారికి ఎవరూ చెప్పనవసరం లేదు. మద్రాసు రాజధానిలోని విశాఖపట్నం జిల్లాకు చెందిన జయపురం సంస్థాన ప్రాంతం 1936 ఏప్రిల్ 1న కొత్తగా ఏర్పడిన ఒరిస్సా రాష్ట్రంలో కోరాపుట్ జిల్లా అయింది. 1992 అక్టోబరు 2న దాని నుండి రాయగడ వేరు జిల్లాగా విడివడింది. సంతోష్ ట్రోఫీ 1941లో ప్రారంభమైంది. అది రాష్ట్ర సంఘాల జట్ల మధ్య జరిగే పోటీ. కనుక క్రీడాకారుడు ఏ భాష మాట్లాడినా, ఏ సంఘం పరిధిలో ఆడుతున్నాడో ఆ సంఘం తరఫుననే బరిలోకి దిగాలి.

హైదరాబాదు విషయంలో జరిగినది ఇంకొక రకం. అక్కడ సరిహద్దు జరగడం కాదు, రాష్ట్రమే మూడు ముక్కలైంది. తెలంగాణ జిల్లాలు ఆంధ్ర రాష్ట్రంతో కలిసి ఆంధ్రప్రదేశ్ కాగా, మరాఠ్వాడా బొంబాయి రాష్ట్రానికి, కన్నడ జిల్లాలు మైసూరుకు చేరాయి. అయినప్పటికీ ఫుట్‌బాల్ సంఘం వెంటనే మారలేదు. రాష్ట్రం పోయినా జట్టు మాత్రం కొంతకాలం హైదరాబాదు పేరుతోనే నిలిచింది.

ఆనాటి సీజన్ స్వరూపం

మెల్‌బోర్న్ నగరంలో ఆనాడు జనం విరగబడి చూసినది విక్టోరియన్ ఫుట్‌బాల్ లీగ్ పోటీలను. అది ఆస్ట్రేలియన్ రూల్స్ ఫుట్‌బాల్ అనే వేరే ఆట. జట్టుకు 18 మంది, అండాకారపు మైదానం, అండాకారపు బంతి ఉంటాయి. చేతితోనూ బంతిని అందించవచ్చు. గోల్‌కు 6 పాయింట్లు, పక్క స్తంభాల మధ్య నుండి పోతే 1 పాయింటు లభిస్తుంది. 1956లో ఆ లీగ్‌లో 12 క్లబ్బులు 18 వారాల పాటు పరస్పరం తలపడ్డాయి. సెప్టెంబరు 15న జరిగిన ఆఖరి పోటీలో మెల్‌బోర్న్ క్లబ్బు 121–48 పాయింట్లతో కాలింగ్‌వుడ్‌ను ఓడించింది. ఆ పోటీకి 1,15,802 మంది ప్రేక్షకులు హాజరయ్యారు.

భారతదేశంలో అటువంటి దేశవ్యాప్త లీగ్ అప్పటికి లేదు. జాతీయ ఫుట్‌బాల్ లీగ్ మొదలైనది 1996లో మాత్రమే. అంతకుముందు సీజన్ అంటే రైలు ప్రయాణాల పరంపర. సొంత నగరంలో లీగ్ ఆడి, ఆపై బొంబాయిలో రోవర్స్ కప్, ఢిల్లీలో డ్యూరాండ్ కప్, కలకత్తాలో ఐ.ఎఫ్.ఎ. షీల్డ్ కోసం జట్లు వెళ్ళేవి. ఇవి క్లబ్బుల పోటీలు. వీటికి తోడుగా రాష్ట్ర జట్లకు సంతోష్ ట్రోఫీ ఉండేది. అందువలన ఒక నగరపు సీజన్‌ను అంచనా వేయాలంటే పాయింట్ల పట్టిక చాలదు. క్లబ్బు ఎక్కడ గెలిచింది, రాష్ట్ర జట్టు ఎంతవరకు వచ్చింది, జాతీయ జట్టులోకి ఎందరు వెళ్ళారు అన్న మూడు లెక్కలూ చూడాలి. ఈ మూడింటిలోనూ 1956–57 నాటి హైదరాబాదు ముందు వరుసలో నిలిచింది.

సిటీ పోలీస్ జైత్రయాత్ర

ఈ విజయానికి పునాది వేసినది హైదరాబాదు సిటీ పోలీస్ జట్టు. ఆటగాళ్ళకు పోలీసు శాఖలో ఉద్యోగం, జీతం ఉండేవి. వృత్తి ఫుట్‌బాల్ లేని ఆ రోజులలో సామాన్య కుటుంబాల యువకులకు ఆటను కొనసాగించే మార్గం అటువంటి ఉద్యోగమే. 1950లో రహీం ఈ జట్టుకు శిక్షకుడయ్యారు. ఆ ఏడాదే జట్టు బొంబాయిలో రోవర్స్ కప్‌ను, ఢిల్లీలో డ్యూరాండ్ కప్‌ను గెలిచింది. డ్యూరాండ్ ఫైనల్‌లో కలకత్తా మోహన్ బగాన్‌తో మొదటి ఆట 2–2తో సమంగా ముగియగా, తిరిగి ఆడిన ఆటలో సిటీ పోలీస్ 1–0తో నెగ్గింది.

రోవర్స్ కప్‌ను ఆ జట్టు 1950 నుండి 1954 వరకు వరుసగా ఐదుసార్లు గెలుచుకొంది. 1954లో డ్యూరాండ్ కప్ మరల దక్కింది. అయితే రాష్ట్ర జట్టుకు మాత్రం అదృష్టం కలిసిరాలేదు. 1949–50, 1950–51 సంవత్సరాలలో వరుసగా సంతోష్ ట్రోఫీ ఫైనల్ చేరి, రెండుసార్లూ బెంగాల్ చేతిలో ఓడిపోయింది. క్లబ్బుగా అందరినీ ఓడించిన నగరానికి రాష్ట్రంగా జాతీయ కిరీటం అందని ద్రాక్షగానే మిగిలింది.

రహీం శిక్షణా విధానం

రహీం 1909లో హైదరాబాదులో జన్మించారు. వృత్తిరీత్యా ఉపాధ్యాయుడు. 1943లో హైదరాబాదు ఫుట్‌బాల్ సంఘానికి కార్యదర్శి అయ్యారు. పాఠశాలలో పాఠం చెప్పే క్రమాన్ని ఆయన మైదానంలోకి తెచ్చారు. ఆటగాడు బంతిని కాలివద్ద ఉంచుకొని ఒంటరిగా దూసుకుపోవడమే గొప్పగా భావించే కాలమది. దానికి విరుగుడుగా ఆయన డ్రిబ్లింగ్ నిషేధించిన పోటీలు నిర్వహించారు. బంతి అందిన వెంటనే తోటివానికి అందించక తప్పని పరిస్థితి కల్పించారు. అలవాటు లేని కాలితో మాత్రమే ఆడవలసిన పోటీలూ పెట్టారు. ఫలితంగా హైదరాబాదు ఆటగాళ్ళకు రెండు కాళ్ళూ పనికివచ్చాయి, పొట్టి పాస్‌లతో వేగంగా ఆడే పద్ధతి అలవడింది.

1952 హెల్సింకి ఒలింపిక్స్‌లో భారత జట్టు యుగోస్లావియా చేతిలో 1–10 తేడాతో ఓడింది. చలిలో, తడి నేలపై మనవారిలో పలువురు బూట్లు లేకుండానే ఆడారు. ఆ పరాజయం తరువాత అఖిల భారత ఫుట్‌బాల్ సమాఖ్య బూట్లను తప్పనిసరి చేసింది. స్వదేశంలో ఆటలు 90 నిమిషాల కంటె తక్కువ నిడివితో జరగడం మరొక లోపం. ఆ హెల్సింకి జట్టుకు కూడా రహీమే శిక్షకుడు. నాలుగేళ్ళలో జరిగిన మార్పును కొలవడానికి మెల్‌బోర్న్ వేదిక అయింది.

మెల్‌బోర్న్, 1956 డిసెంబరు

మెల్‌బోర్న్ వెళ్ళిన భారత జట్టులో నూర్ మహమ్మద్, అజీజుద్దీన్, అహ్మద్ హుస్సేన్, జుల్ఫికరుద్దీన్, తులసీదాస్ బలరాం తదితరులు హైదరాబాదు, సికింద్రాబాదుల మైదానాలలో ఎదిగినవారు. గోల్‌కీపర్ పీటర్ తంగరాజ్ కూడా సికింద్రాబాదులో పుట్టినవారే. నూర్ మహమ్మద్, అజీజుద్దీన్ హెల్సింకి పరాజయాన్ని కూడా చూసినవారు. బలరాంకు అప్పటికి 20 ఏళ్ళు. సికింద్రాబాదు సమీపంలోని అమ్ముగూడలో తమిళ కుటుంబంలో పుట్టారు. జట్టు నాయకుడు బెంగాల్‌కు చెందిన సమర్ బెనర్జీ.

మొదటి ఆటలో ప్రత్యర్థి హంగరీ పోటీ నుండి తప్పుకొన్నందున భారత్ నేరుగా క్వార్టర్ ఫైనల్ చేరింది. డిసెంబరు 1న ఆతిథ్య ఆస్ట్రేలియాను 4–2తో ఓడించింది. నెవిల్ డిసౌజా మూడు గోల్స్ చేసి, ఒలింపిక్ ఫుట్‌బాల్‌లో హ్యాట్రిక్ సాధించిన తొలి ఆసియా వాసి అయ్యారు. నాలుగవ గోల్ కృష్ణస్వామి అలియాస్ కిట్టూది. ఆసియా నుండి ఒక జట్టు ఒలింపిక్ ఫుట్‌బాల్ సెమీఫైనల్ చేరడం అదే ప్రథమం.

డిసెంబరు 4న సెమీఫైనల్‌లో ఎదురైనది మరల యుగోస్లావియాయే. రెండవ అర్ధభాగంలో తొలి గోల్ డిసౌజా చేశారు. ఆపై యుగోస్లావియా నాలుగు గోల్స్ చేసి 4–1తో గెలిచింది. ఓటమి ఓటమియే అయినా, 1–10 నుండి 1–4కు, అదీ ముందంజలో నిలిచి ఓడే స్థాయికి రావడం చిన్న విషయం కాదు. డిసెంబరు 7న మెల్‌బోర్న్ క్రికెట్ మైదానంలో కాంస్య పతకం కోసం జరిగిన పోటీలో బల్గేరియా 3–0తో నెగ్గింది. అదే రోజు అదే మైదానంలో ఆస్ట్రేలియన్ రూల్స్ ఫుట్‌బాల్‌ను ప్రదర్శన క్రీడగా ఆడి చూపారు. రెండు ఫుట్‌బాల్‌లు ఒకే పచ్చికపై ఒకే రోజు కలిశాయి. ఒలింపిక్ ఫుట్‌బాల్‌లో ఆ నాలుగవ స్థానాన్ని మించి భారత్ మరెన్నడూ సాధించలేదు.

జాతీయ కిరీటం

1956–57 సంతోష్ ట్రోఫీ తిరువనంతపురంలో జరిగింది. ఫైనల్‌లో హైదరాబాదు జట్టు బొంబాయిని ఓడించి తొలిసారి ఛాంపియన్ అయింది. రెండుసార్లు ఫైనల్ మెట్టుపై జారిన జట్టు మూడవసారి నిలదొక్కుకొంది.

మరుసటి సీజన్ దానిని ధ్రువపరిచింది. 1957లో సిటీ పోలీస్ రోవర్స్ కప్, డ్యూరాండ్ కప్ రెండింటినీ గెలిచింది. 1957–58 సంతోష్ ట్రోఫీ హైదరాబాదులోనే జరుగగా, ఫైనల్‌లో మరల బొంబాయిపైనే విజయం లభించింది. అప్పటికి హైదరాబాదు రాష్ట్రం రద్దయి ఏడాది దాటింది. లేని రాష్ట్రం పేరుతో ఉన్న జట్టు, సొంత ప్రేక్షకుల ఎదుట, జాతీయ ఛాంపియన్‌గా నిలిచింది. క్రీడా పట్టికలలో ఆ రెండు సంవత్సరాలకు ఎదురుగా నేటికీ ‘హైదరాబాదు’ అనే ఉంటుంది.

తరువాతి చరిత్ర

తరువాత సంఘం ఆంధ్రప్రదేశ్ పేరు స్వీకరించింది. సిటీ పోలీస్ జట్టు ఆంధ్రా పోలీస్‌గా మారి 1960లో రోవర్స్ కప్‌ను, 1961లో డ్యూరాండ్ కప్‌ను గెలిచింది. 1962 రోవర్స్ కప్‌ను కలకత్తా ఈస్ట్ బెంగాల్‌తో పంచుకొంది. 1965–66లో ఆంధ్రప్రదేశ్ పేరుతో సంతోష్ ట్రోఫీ ఒకసారి దక్కింది.

కానీ పతనం అప్పటికే మొదలయింది. మంచి ఆటగాళ్ళను కలకత్తా క్లబ్బులు ఆకర్షించాయి. బలరాం 1957లోనే ఈస్ట్ బెంగాల్‌కు తరలిపోయారు. రహీం శిక్షణలో భారత జట్టు 1951 ఢిల్లీ, 1962 జకార్తా ఆసియా క్రీడలలో స్వర్ణ పతకాలు సాధించింది. జకార్తా ఫైనల్‌లో దక్షిణ కొరియాపై 2–1తో నెగ్గిన ఆ జట్టులో తంగరాజ్, బలరాం, యూసుఫ్ ఖాన్ ఉన్నారు. క్యాన్సర్ వ్యాధితో రహీం 1963 జూన్ 11న మరణించారు. ఉపాధ్యాయుడు పోయిన తరువాత ఆ పాఠశాల మరల అదే స్థాయిలో నడవలేదు.

2023 ఫిబ్రవరి 16న బలరాం కన్నుమూశారు. 2024లో రహీం జీవితం ఆధారంగా ‘మైదాన్’ అనే హిందీ చలనచిత్రం విడుదలయింది. ఆ ఏడాది డిసెంబరు 31న సంతోష్ ట్రోఫీ ఫైనల్ మరల హైదరాబాదులో జరిగింది. కేరళపై 1–0తో గెలిచి బెంగాల్ కప్పును తీసుకుపోయింది. ఆతిథ్యం మాత్రమే హైదరాబాదుకు మిగిలింది.

ప్రాధాన్యం

1956–57 సీజన్ నేర్పేది ఒక్కటే. ఉద్యోగ భద్రత, క్రమశిక్షణ గల శిక్షకుడు, పిల్లలు ఆడుకొనేందుకు ఖాళీ మైదానాలు, ఈ మూడూ ఒకచోట చేరినందున ఒక నగరం దేశానికి ఫుట్‌బాల్ నేర్పగలిగింది. రాష్ట్రాలు ఏర్పడవచ్చు, విడిపోవచ్చు, పేర్లు మార్చుకోవచ్చు. సరిహద్దుకు ఇటు ఒడిశాలోనైనా, అటు ఆంధ్రప్రదేశ్‌లోనైనా, తెలంగాణలోనైనా ఆట నిలిచేది మాత్రం ఆ మూడింటి మీదనే.